కోపం రానివాడి కోసం జావాలో

మొదటి రోజు: యోగ్యకర్త

హైదరాబాదులో బయలుదేరి సింగపూరు మీదుగా యోగ్యకర్త చేరేసరికి మధ్యాహ్నం దాటింది. కొత్త విమానాశ్రయం ఊరికి చాలా దూరం, పడమటి వైపున సముద్రం ఒడ్డున ఉంది. అక్కడి నుంచి ఊళ్ళోకి రైలు వేశారు కాబట్టి ఇబ్బంది లేదు. వరి పొలాలు, కొబ్బరి చెట్లు, పెంకుటిళ్ళు చూస్తూ "మన కోనసీమే కదయ్యా ఇది" అని బావగారు నాలుగైదుసార్లు అన్నారు.

ఇండోనేసియాలోని జావా దీవికి ఎందుకని అడిగినవాళ్ళందరికీ "బొరొబుదూర్ బౌద్ధ స్తూపం చూడడానికి" అని చెప్పి తప్పించుకున్నాను. అసలు సంగతి చెప్పడానికి కొంత సమయం పడుతుంది. నేను వెళ్ళింది అక్షోభ్యుడి కోసం.

ఈయనకు లుంబిని లాంటి పుట్టిన ఊరు లేదు, చరిత్రలో చెప్పుకునే తేదీ లేదు. పూర్తిగా సూత్రగ్రంథాల్లోనే పుట్టి పెరిగిన బుద్ధుడు. మహాయాన బౌద్ధులు ఒక్క లోకంతో తృప్తిపడలేదు. గంగ ఒడ్డున ఎన్ని ఇసుక రేణువులున్నాయో అన్ని లోకాలు ఊహించారు. వాటిలో మనది సహాలోకం. ఇక్కడి నుంచి తూర్పుగా వెయ్యి లోకాలు దాటి వెళితే అభిరతి అనే లోకం వస్తుంది. ఒకప్పుడు అక్కడ ఒక భిక్షువు ఏ ప్రాణి మీదా కోపం తెచ్చుకోనని ఒట్టు పెట్టుకున్నాడు. ఎన్ని జన్మలెత్తినా ఆ ఒట్టు తప్పలేదు. ఆ భిక్షువే అక్షోభ్య బుద్ధుడు, అంటే చలించనివాడు. ఆయన కథ చెప్పే సూత్రాన్ని రెండో శతాబ్దంలోనే లోకక్షేముడు చైనా భాషలోకి అనువదించాడు. తరవాతి కాలంలో పడమటి దిక్కున ఉన్న అమితాభ బుద్ధుడి లోకం సుఖావతికి వచ్చిన పేరు అభిరతికి రాలేదు. పశ్చిమ దిక్కు బుద్ధుడికి దేశదేశాల్లో భక్తులు పోగయ్యారు, తూర్పు దిక్కు బుద్ధుడు వెనకబడ్డాడు. దాని మీద కూడా ఆయనకు కోపం వచ్చి ఉండదు.

నిశ్చలత్వానికి దేవుళ్ళు చాలామందే ఉన్నారు. గుహలో కళ్ళు మూసుకుని కూర్చుంటే కదలకుండా ఉండడం పెద్ద విశేషమేమీ కాదు. నలుగురి మధ్య ఉంటూ, మాటలు పడుతూ, చలించకుండా ఉండగలనని పందెం వేసినవాడు నాకు ఈయన ఒక్కడే కనిపించాడు. ముక్కోపినని ఇంట్లో పేరున్న నాకు ఈయన మీద ఆసక్తి ఎందుకని మా అక్క అడగలేదు. బావగారిని మాత్రం నాతో పంపింది.

బావగారు నీటిపారుదల శాఖలో ఇంజనీరుగా పనిచేసి రిటైరయ్యారు. ఆయనకు దేవుళ్ళ మీద కంటే తూముల మీద నమ్మకం ఎక్కువ.

రాత్రి భోజనంలో ఈ ఊరి ప్రత్యేక వంటకం గుదెగ్ తిన్నాం. లేత పనసకాయ ముక్కల్ని కొబ్బరిపాలు, తాటిబెల్లంతో గంటల తరబడి ఉడికిస్తారు. పనసపొట్టుకు ఆవ పెట్టుకుని తినే నాలుకకు ఆ తీపి ఒక పట్టాన లొంగదు. బావగారు సంచిలోంచి ఆవకాయ సీసా తీశారు. పక్క బల్ల దగ్గరి కుటుంబం చూసి నవ్వి, తమ సంబల్ అనే మిరపకాయ పచ్చడి గిన్నె ఇటు జరిపి, ఆవకాయ అటు లాక్కుంది.

రెండో రోజు: బొరొబుదూర్, తూర్పు ముఖం

యోగ్యకర్తకు వాయవ్యంగా సుమారు 40 కిలోమీటర్లు. తెల్లవారకముందే కారులో బయలుదేరాం. కట్టడం పైకి ఎక్కడానికి వేరే టికెట్టు ఉంది. విడతలవారీగా, గైడు వెంట మాత్రమే పంపుతారు. రాళ్ళు అరగకుండా అందరికీ మొగలి జాతి ఆకుతో అల్లిన చెప్పులు ఇస్తారు. వాటి పేరు ఉపనత్. వేసుకుంటే పాదం కింద మెత్తగా, చప్పుడు లేకుండా ఉంది. మాతో ఉన్న పదిహేనుమందీ ఒక్కసారిగా నెమ్మదిగా నడవడం మొదలుపెట్టారు. చెప్పుల మహిమే తప్ప భక్తి కాదు.

ఎనిమిదో శతాబ్దం చివర, తొమ్మిదో శతాబ్దం మొదట్లో శైలేంద్ర రాజుల కాలంలో కట్టిన స్తూపం ఇది. కింద ఆరు చదరపు అంతస్తులు, పైన మూడు గుండ్రటి అంతస్తులు, వాటి నడుమ మహాస్తూపం. మొత్తం 504 బుద్ధ విగ్రహాలు. పైన చిల్లుల స్తూపాల్లో కూర్చున్నవి 72. తక్కిన 432 చుట్టూ ఉన్న ప్రాకారాల గూళ్ళలో దిక్కులు చూస్తూ ఉంటాయి. మొదటి నాలుగు వరసల్లో దక్షిణాన రత్నసంభవుడు, పడమట అమితాభుడు, ఉత్తరాన అమోఘసిద్ధి. తూర్పున మన అక్షోభ్యుడు, ఒక్కడు కాదు, 92 మంది.

ప్రదక్షిణం తూర్పు ద్వారం నుంచే మొదలవుతుంది. గైడు తలెత్తి చూడమంది. గూళ్ళలో ఒకే భంగిమ. ఎడమ చేయి ఒడిలో, కుడి చేయి మోకాలి మీదుగా కిందికి, వేళ్ళు నేలవైపు. భూమిస్పర్శ ముద్ర. వాళ్ళలో చాలామందికి తలలు లేవు. మొత్తం కట్టడంలో 300కు పైగా విగ్రహాలు దెబ్బతిన్నాయి, 43 అసలు లేనే లేవు. 1896లో సయాం రాజు చులలాంగ్‌కోర్న్ వస్తే డచ్ ప్రభుత్వం ఎనిమిది బండ్ల శిల్పాలు కానుకగా ఇచ్చి పంపింది. ఇక దొంగలు పట్టుకుపోయిన తలల లెక్క వేరు.

అందుబాటులో ఉన్న ఒక గూటి దగ్గర చాలాసేపు నిలబడ్డాను. అగ్నిపర్వతపు రాయి, బూడిదరంగు, చేత్తో తాకకుండానే గరుకు తెలుస్తోంది. మెడ దగ్గర విరిగిన చోట తెల్లటి నాచు గుండ్రంగా పట్టింది. భుజం మీద వస్త్రం అంచు సన్నటి గీతగా ఇంకా కనిపిస్తోంది. కుడి చేతి వేళ్ళలో చూపుడు వేలు కొస విరిగింది. వాన కారిన చార ఒకటి మోచేతి నుంచి మణికట్టు దాకా దిగి, ఆ విరిగిన కొస దగ్గర ఆగింది. తల లేకపోయినా ఆ మనిషి ఏం చేస్తున్నాడో చెయ్యి చెబుతోంది.

బావగారు అప్పటికే మూలన ఉన్న మకర ముఖాన్ని పరీక్షిస్తున్నారు. నీళ్ళు బయటికి పోయే గొట్టం అది, అలాంటివి వంద దాకా ఉన్నాయి.

"ఏమయ్యా, నీ దేవుడు కదలకుండా ఉన్నాడంటే కారణం ఇదిగో" అన్నారు.

ఆయన మాటలో నిజముంది. ఈ స్తూపం లోపల గదులు లేవు. సహజమైన మట్టిగుట్టకు రాతి తొడుగు వేశారంతే. వాన నీరు లోపలికి ఇంకి, మట్టి నాని, గోడలు బయటికి ఒరగడం మొదలైంది. 1907 నుంచి 1911 దాకా వాన్ ఎర్ప్ అనే డచ్ ఇంజనీరు బాగుచేశాడు గానీ నీటి జబ్బు మానలేదు. 1973లో మొదలై 1983లో ముగిసిన యునెస్కో మరమ్మతులో చదరపు అంతస్తులను పూర్తిగా విప్పారు. పది లక్షలకు పైగా రాళ్ళకు అంకెలు వేసి, శుభ్రం చేసి, కింద కాంక్రీటు పలకలు, నీటి కాలువలు పెట్టి, ఏ రాయిని ఆ చోట తిరిగి పేర్చారు. కట్టిన కొత్తలోనే పునాది బలం కోసం అడుగున మరో రాతి వరస చేర్చారనీ, దాని వల్ల 160 శిల్పఫలకాలు మరుగున పడ్డాయనీ చాలామంది నమ్ముతారు. 1885లో అవి బయటపడ్డాయి. జావా ఫోటోగ్రాఫరు కాసియన్ సెఫాస్ వాటిని ఫోటోలు తీశాక మళ్ళీ మూసేశారు. ఆగ్నేయ మూలన కొన్ని ఇప్పటికీ తెరిచి ఉన్నాయి. బావగారు అక్కడ మోకాళ్ళ మీద కూర్చుని చూసింది శిల్పాలను కాదు, రాళ్ళ అతుకులను.

రెండో వసారా నుంచి గండవ్యూహమనే మహాయాన సూత్రంలోని కథ మొదలవుతుంది. ఫలకాలు 460. సుధనుడనే శ్రేష్ఠి కుమారుడు మంజుశ్రీ మాట మీద గురువులను వెతుక్కుంటూ బయలుదేరతాడు. భిక్షువులు, వైద్యులు, ఓడ నావికుడు, వేశ్య, చిన్న పిల్లలు, దేవతలు, ఇలా యాభైమందికి పైగా కల్యాణమిత్రులు. ప్రతి ఒక్కరూ తనకు తెలిసింది ఒక్కటి చెప్పి, "ఇంతకు మించి నాకు తెలియదు, ఫలానా వారి దగ్గరికి వెళ్ళు" అని పంపేస్తారు. ఇంత నిజాయితీ గల గురువుల వరస మరే గ్రంథంలోనూ నాకు తగల్లేదు. సుధనుడి ఊరు ధాన్యాకరం. అది మన ధాన్యకటకమే, అంటే అమరావతి పక్కన ఇప్పుడు ధరణికోట ఉన్న చోటే అని కొందరు పండితుల అభిప్రాయం. ఆ మాట గుర్తొచ్చి, రాతిమీది కుర్రవాడి వైపు కాస్త చొరవగా చూశాను. గొడుగు పట్టిన పరివారంతో, చేతులు జోడించి, ఫలకం తరవాత ఫలకం అదే వినయంతో నిలబడ్డాడు. ఇంటికి ఉత్తరం రాశాడో లేదో.

మూడో వసారాలో రాబోయే బుద్ధుడు మైత్రేయుడి కూటాగారం, అంటే శిఖరాల మేడ, వస్తుంది. సుధనుడు తలుపు దాటి లోపలికి వెళితే ఆకాశమంత విశాలం. అందులో లెక్కలేనన్ని కూటాగారాలు, ఒక్కొక్కటీ ఆకాశమంత. ఒకదానికొకటి అడ్డురావు. అన్నిటిలోనూ సుధనుడు తననే చూసుకుంటాడు. దీన్ని రాతిలో ఎలా చెక్కాలి? శిల్పి ఆ జోలికి పోలేదు. ముత్యాల దండలు వేలాడే మంటపాలు, గంటలు, లోపల కూర్చున్నవాళ్ళు, బయట మోకరిల్లిన కుర్రవాడు. ఇంతే చెక్కి మిగతాది నడిచేవాడికి వదిలేశాడు. నిజానికి ఆ వసారాలో మలుపు మలుపుకూ మరో మంటపం కనిపిస్తుంటే, పైకి ఆకాశం తప్ప ఏమీ కనిపించకుంటే, పని జరిగిపోతుంది.

పై అంతస్తుల గురించి అందరూ రాశారు కాబట్టి రెండు ముక్కలు చాలు. ఒకప్పుడు చిల్లుల్లోంచి చెయ్యి పెట్టి లోపలి బుద్ధుణ్ణి తాకితే కోరిక తీరుతుందని జనం ఎగబడేవారు, ఇప్పుడు తాకనివ్వరు. 1985 జనవరిలో బాంబులు పేలి తొమ్మిది స్తూపాలు దెబ్బతిన్నాయి, ఇప్పుడు చూస్తే ఆనవాలు పట్టలేం. తూర్పు వైపున మెరపి కొండ పొగ వదులుతోంది. 2010లో అది బద్దలైనప్పుడు బూడిదంతా వచ్చి ఈ విగ్రహాల మీద పడింది. ఊరివాళ్ళు చీపుళ్ళతో, బకెట్లతో వచ్చి కడిగారని గైడు చెప్పింది. అంతకుముందు 2006 భూకంపం యోగ్యకర్త చుట్టుపక్కల వేల ప్రాణాలు తీసింది, ప్రంబనన్ గుళ్ళను పగలగొట్టింది. బొరొబుదూర్ మాత్రం దాదాపు చెక్కుచెదరలేదు. "కాలువలు" అన్నారు బావగారు. నేను వాదించలేదు.

మూడో రోజు: మెందుత్

ఒళ్ళు నొప్పులు. బొరొబుదూర్‌కు దగ్గరలోని మెందుత్ గుడి ఒక్కటే చూశాం. లోపల సుమారు మూడు మీటర్ల ఎత్తు బుద్ధుడు, కాళ్ళు కిందికి వేలాడేసి కుర్చీలో కూర్చున్నట్టు ఉంటాడు, అటూ ఇటూ ఇద్దరు బోధిసత్వులు. గొప్ప విగ్రహమే. కానీ నేను ఎక్కువసేపు నిలబడింది మెట్ల పక్కన. అక్కడ పంచతంత్రం చెక్కి ఉంది. రెండు పక్షులు కర్ర పట్టుకుని ఎగురుతున్నాయి, కర్రను కరిచి తాబేలు వేలాడుతోంది, కింద జనం కేకలు వేస్తున్నారు. చిన్నప్పుడు మన వాచకంలో చదువుకున్న తాబేలే. ఒక్క నిమిషం నోరు కట్టుకోలేక పడిపోయిన ప్రాణిని, కోపం రాని దేవుడి ఊరి పొలిమేరలో పెట్టడం ఎవరి ఆలోచనో.

నాలుగో రోజు: రైలులో

యోగ్యకర్త నుంచి సురబాయకు రైలులో నాలుగైదు గంటలు. చెరకు తోటలు, వరి మళ్ళు, అగ్నిపర్వతాలు ఒకటి తరవాత ఒకటి. బావగారికి కాలక్షేపంగా విమలకీర్తి కథ చెప్పాను.

వైశాలిలో విమలకీర్తి అనే గృహస్థు ఉండేవాడు. ఆయన అభిరతి లోకం వదిలి ఈ మురికి లోకంలో పుట్టాడని శాక్యముని బుద్ధుడు చెప్పగానే, సభలోని వారికి ఆ లోకం చూడాలనిపించింది. విమలకీర్తి కూర్చున్న చోటు నుంచి లేవలేదు. కుడి చేయి చాచి, కుమ్మరి సారె మీది మట్టిని తీసినట్టు, అభిరతి లోకాన్ని కొండలతో, నదులతో, ఊళ్ళతో, బోధివృక్షం కింద కూర్చున్న అక్షోభ్యుడితో సహా పెకలించి సభ మధ్య పెట్టాడు. ఆ లోకం చిన్నదవలేదు, మన లోకం ఇరుకవలేదు. అక్కడి సామాన్యులకు ప్రయాణిస్తున్నట్టే తెలియలేదు. దివ్యదృష్టి గలవారు మాత్రం "ప్రభూ, మమ్మల్ని ఎవరో ఎత్తుకుపోతున్నారు, కాపాడు" అని గోలపెట్టారు. అక్షోభ్యుడు "ఇది నేను చేస్తున్నది కాదు" అని ఊరుకున్నాడు. చూడడం అయ్యాక లోకాన్ని యథాస్థానంలో పెట్టేశారు.

బావగారు కాసేపు ఆలోచించారు. "పైప్‌లైన్లు తెగలేదూ?"

"లేదు బావగారూ."

"అయితే మంచి ఇంజనీరే" అని కళ్ళు మూసుకున్నారు.

నాకు ఆ కథలో నచ్చేది ఆ ఒక్క సమాధానమే. లోకం మొత్తం ఎవరి చేతిలోనో ఊగుతుంటే, అందులోని దేవుడు దాన్ని ఆపబోలేదు, కంగారుపడలేదు, గొప్పలకూ పోలేదు. తనది కాని పనిని తనది కాదన్నాడు.

ఐదో రోజు: సురబాయ

పెద్ద ఓడరేవు నగరం, ఉక్కపోత విశాఖను మించింది. గవర్నరు అధికార భవనం గ్రహాదికి ఎదురుగా తమన్ అప్సరి అనే తోట ఉంది. పెద్ద చెట్ల నీడలో, రోడ్డు మీది మోటారు సైకిళ్ళ హోరు మధ్య, జోకో దోలోగ్ అని జనం పిలుచుకునే రాతి విగ్రహం కూర్చుని ఉంది. అదే ముద్ర, చెయ్యి నేలవైపు. గుండు తల, వెడల్పు ముఖం. బొరొబుదూర్ బుద్ధుల నాజూకు ఇందులో లేదు. మనిషి పోలికలు ఉన్నాయి, ఉండాలి కూడా. ఇది సింఘసారి రాజు కృతనగరుణ్ణి అక్షోభ్యుడి రూపంలో చెక్కిన విగ్రహం. పీఠం చుట్టూ సంస్కృత శాసనం తిరుగుతుంది. శక సంవత్సరం 1211, అంటే 1289. రాసినవాడి పేరు నాద.

శాసనం చెప్పే కథ ఇది. పూర్వం భరాడుడనే సిద్ధుడు కుంభజలంతో గీత గీసి జావాను రెండు రాజ్యాలుగా విడదీశాడు, కృతనగరుడు మళ్ళీ ఒకటి చేశాడు. నాగరకృతాగమమనే పాత జావా కావ్యంలో ప్రపంచుడనే కవి దీనికి ఒక కొసమెరుపు కలిపాడు. ఆకాశంలో ఎగురుతూ నీళ్ళు పోస్తున్న భరాడుడి వస్త్రం చింతచెట్టు కొమ్మకు తట్టుకుందట. కోపంతో ఆ చెట్టును మరుగుజ్జుగా ఉండిపొమ్మని శపించాడట. కోపం రాని దేవుడి శాసనంలో ఒక ముక్కోపి సిద్ధుడు కూడా ఉండడం నాకు కొంత ఊరట.

అసలు కృతనగరుడంత స్థిమితం లేని రాజును వెతికి పట్టుకోవడం కష్టం. 1275లో సుమత్రా మీదికి సేన, 1284లో బాలి మీదికి మరో సేన. కప్పం కట్టమని చైనాను ఏలుతున్న మంగోల్ చక్రవర్తి కుబ్లయ్ ఖాన్ పంపిన దూత ముఖాన్ని వికృతం చేయించి వెనక్కి పంపాడు. అది జరిగిన ఏడూ 1289 అనే చెబుతారు. ఒకే ఏడాది చక్రవర్తి దూత ముఖం చెడగొట్టి, అదే ఏడాది తన ముఖాన్ని క్షమామూర్తికి పెట్టించుకున్నాడన్నమాట. 1292లో కేదిరి సామంతుడు జయకత్వంగ్ తిరగబడి ఆయన్ని చంపాడు. మరుసటి ఏడాది కుబ్లయ్ సేన పగ తీర్చుకోవడానికి వచ్చి, తీర్చుకోవలసిన రాజు లేక, చనిపోయిన రాజు అల్లుడు విజయుడి చేతిలో పావుగా మారి, చివరికి అతని చేతిలోనే దెబ్బతిని వెళ్ళిపోయింది. ఆ గందరగోళంలోంచే మజపహిత్ సామ్రాజ్యం పుట్టింది.

విగ్రహం మాత్రం సురబాయది కాదు. వురరే అనే చోట ప్రతిష్ఠిస్తే, 19వ శతాబ్దంలో డచ్చివాళ్ళు ఇక్కడికి తరలించారు. ఒడిలో మల్లెలు, గులాబీ రేకులు ఉన్నాయి, ముందు అగరొత్తులు వెలుగుతున్నాయి. మేమున్నప్పుడే తలకు ముసుగు చుట్టుకున్న ఒకావిడ వచ్చి, పాత పూలు ఏరి సంచిలో వేసుకుని, కొత్త పూలు పోసి, ఫోనులో మాట్లాడుకుంటూ వెళ్ళిపోయింది. బుద్ధుడని పోసిందో, రాజని పోసిందో, ఈ తోటకు పెద్దమనిషని పోసిందో. అడిగేంత భాష నాకు రాదు.

ఆరో రోజు: జావి

సురబాయకు దక్షిణాన పండాన్ దాటాక, వెలిరంగ్ కొండ పాదాల దగ్గర జావి గుడి. చుట్టూ కందకం, నడుమ సన్నగా, నిటారుగా 24 మీటర్లకు పైగా లేచిన గుడి. కింద నల్లరాయి, పైకి వెళ్ళేకొద్దీ తెల్లరాయి. గర్భగుడిలో శివాలయపు పానవట్టం, శిఖరం కొసన చూస్తే బౌద్ధ స్తూపం. కృతనగరుడు శివుణ్ణీ బుద్ధుణ్ణీ ఒక్కటిగా కొలిచినవాడు.

1359లో మజపహిత్ రాజు హయం వురుక్ పరివారంతో పర్యటిస్తూ ఇక్కడికి వచ్చాడు, వెంట ప్రపంచ కవి ఉన్నాడు. కింద శివుడు, పైన అతి సుందరమైన అక్షోభ్యుడు ఉండేవారని కవి రాశాడు. శక 1253లో, అంటే 1331లో, గుడి మీద పిడుగు పడింది, అక్షోభ్య విగ్రహం మాయమైంది. అలా రాసి చాలా బాధపడ్డాడు. మాయమైందంటే పగిలిందని కాదు, కనబడలేదని. ప్రాచీన గ్రంథాల్లో విగ్రహాలు పోవడం మామూలే గానీ, పోయిన ఏడు ఇంత కచ్చితంగా దొరకడం అరుదు.

బావగారు శిఖరం చూసి "ఇంత ఎత్తులో పిడుగు తీగ లేకపోతే పడక ఏం చేస్తుంది" అన్నారు. నేను గర్భగుడి చీకట్లో తలెత్తి చూశాను. పైకి దారి లేదు. రాళ్ళు ఒకదాని మీదొకటి ముందుకు జరుగుతూ మూసుకుపోయాయి.

బయట చిన్న గదిలో కాపలాదారు సందర్శకుల పుస్తకం ముందుకు తోశాడు. పేరు, దేశం, వచ్చిన పని. మూడో గడిలో "అక్షోభ్యుణ్ణి చూడడానికి" అని ఇంగ్లీషులో రాశాను. ఆయన అద్దాలు సర్దుకుని చదివాడు, మా వైపు జాలిగా చూశాడు. ఫోనులో అనువాదం పెట్టి మాకు వినిపించాడు: "ఆయన ఇక్కడ లేరు. సురబాయలో ఉన్నారు. గవర్నరు ఇంటి ఎదురుగా. మీరు దూరం వచ్చేశారు."

చూసే వచ్చామని సైగ చేశాను. "మరి ఇంకేం కావాలి?" అంది ఫోనులోని గొంతు. బావగారు అప్పటికి కందకం దగ్గర కూర్చుని, నీళ్ళు ఎటు పోతున్నాయో చూడడానికి ఎండుటాకులు వదులుతున్నారు. పండాన్ నుంచి సురబాయ బస్సు ఎన్నింటికో అడిగి, పుస్తకంలో సంతకం చేశాను.